గుంత ఒకటే

మురకంబట్టు దగ్గర ఆ గుంత
నాకూ తెలుసు, బండికీ తెలుసు.
తెల్లారి నాలుగున్నరకి
ఎంత మెల్లగా దించినా
వెనక చక్రం ధన్‌మని పడి
ఒకటి, రెండు, మూడు... ఏడు దాకా ఊగుతుంది.
గుంత ఒకటే. ఊగడమే ఏడుసార్లు.

డిక్కీలో నాలుగు డబ్బాల ఇడ్లీ పిండి.
కట్టమంచి హోటళ్ళు చేరేలోగా
మూతలు తోసుకుని వచ్చి
స్టెప్నీ మీద తెల్లగా పేరుకుంటుంది.
నిమ్మకాయ పెట్టినా, ఊదొత్తి పెట్టినా
మా బండిది మినప్పప్పు వాసనే.

ఆదివారం అదే బండిలో మా పిల్ల.
పలమనేరు పోదామంటే చాలు,
మొగిలి ఘాట్ రెండో మలుపుకే "అమ్మా, ఆపు."
కవరు ఒకటి ఎప్పుడూ దాని ఒళ్ళో.
దానికి తిండి పడలేదంటాడు దేవరాజులు.
బండి పడలేదంటాను నేను.

గిరింపేటలో జిలానీ షెడ్డు.
అతను బానెట్ తెరవనేలేదు.
డిక్కీ మీద రెండు చేతులూ ఆనించి
గట్టిగా ఒత్తి వదిలాడు,
ఉడికిందో లేదో మెతుకు పట్టి చూసినట్టు.
తర్వాత టైరు చూపించి
"నువ్వూ తడిమి చూడక్కా" అన్నాడు.
రబ్బరు మీద అలలు.
నీవా ఏట్లో నీళ్ళు పోయినాక
ఇసక మీద మిగిలేటివి.

"షాకులు పోయినాయి. నూనె కారి ఎన్నాళ్ళయిందో."
"బరువు మోయలేకపోతున్నాయా?"
"బరువు వీటిది కాదక్కా. అది స్ప్రింగు పని.
ఊగేదాన్ని ఇంక చాలు అనడమే వీటి పని. అంతే."

అంతే అన్నాడు.
మా ఇంట్లో ఆ పని ఎవరిదా అని
ఒక్క క్షణం ఆలోచించి
ఆపేశాను.

పాత పేపరు మీద మూడు జతలు పరిచాడు.
కంపెనీవి, కాస్త మెత్తన, మూడువేల ఎనిమిదొందలు.
గ్యాసువి, ఎర్రరంగు, గట్టివి, అయిదువేల చిల్లర.
ఇంకొకటి రెండువేలకే,
పెట్టె మీద అచ్చుతప్పుతో సహా.

"కుడిదొక్కటే కదా కారింది,
అదొక్కటే మారిస్తే పోదా?" ఫోన్లో దేవరాజులు.
స్పీకరులో విని జిలానీ నవ్వాడు.
"ఒక కాలికే కొత్త చెప్పు తొడుక్కుని
దర్గా దాకా నడిచి రమ్మను అన్నని."

గట్టివి వేస్తే డబ్బాలు కుదురుగా ఉంటాయట.
డబ్బాలు లేనినాడు మాత్రం
ప్రతి రాయీ వెనక కూచున్నోళ్ళ వెన్నుకి లెక్క చెబుతుందట.
మెత్తవి వేస్తే పిల్ల నిద్రపోతుంది.
నాలుగు డబ్బాలతో గుంతలో పడితే
అడుగు తాకినా తాకుతుంది.
"ముందు ఇది చెప్పక్కా,
ఇది సరుకు బండా, సంసారం బండా?"

రెండూ ఒకటే జిలానీ, అన్నాను.
అతను కాసేపు స్పానర్ తుడుచుకున్నాడు.

కంపెనీవే వేయమన్నాను.
నాలుగో డబ్బా డిక్కీలోంచి తీసి
ముందు సీటులో కూర్చోబెడతాను.
అది దేవరాజులు చోటు. ఇంకా చెప్పలేదు.

తుప్పుపట్టిన కింది బోల్టు గంటసేపు సతాయించింది.
మునిరత్నం దానికి పైపు తగిలించి వేలాడి,
తిట్టి, కిరసనాయిలు పోసి,
మళ్ళీ తిట్టి, ఊడదీశాడు.
పాతది చేతికిచ్చాడు.
పిల్లల పిచికారీ మాదిరి
లోపలికీ బయటికీ ఊరికే ఆడింది,
ఎవరేమన్నా సరేననే మనిషిలా.
కొత్తది ఒత్తబోతే మొరాయించింది.
లాగబోతే అదే బెట్టు.
నాకు నచ్చింది.

"ఇప్పుడే బిగించొద్దురా!" అరిచాడు జిలానీ.
"జాకీ దించు.
దాని బరువు దాని కాళ్ళ మీద పడినాకే
చివరి బిగింపు."

మర్నాడు నాలుగున్నర. అదే గుంత.
ధన్.
ఒకటి.

రెండోది వస్తుందని బిగబట్టిన నా నడుము
కట్టమంచి దాకా బిగబట్టుకునే వచ్చింది.
పక్క సీటులో డబ్బా,
బెల్టు పెట్టుకుని, బుద్ధిగా
రోడ్డు చూస్తోంది.